చెవి పట్టుకున్న దెయ్యం

మొన్న ఆదివారం పొద్దున్న మా అన్నయ్య కూతురు మా ఇంటివాళ్ళ వాట్సాప్ గ్రూపులో ఒక వీడియో పడేసింది. ఆ గ్రూపులో వచ్చేవి నేను సాధారణంగా తెరవను. పువ్వుల మీద రాసిన శుభోదయాలు, ఏ ఆకు నమిలితే షుగరు పారిపోతుందో చెప్పే వైద్యాలు. వాటి మీద వాదించి వాదించి ఇప్పటికే ఇద్దరు వదినలతో మాటలు పోగొట్టుకున్నాను. కానీ ఈ పిల్ల కౌలాలంపూర్‌లో ఉద్యోగం చేసుకుంటూ, ఆ గ్రూపులో ఎప్పుడో గాని నోరు తెరవదు. తెలుగు అర్థమవుతుంది, మాట్లాడమంటే సిగ్గు. అందుకని తెరిచాను. కింద ఇలా రాసింది: "అత్తా, ఈ హంతు దవడ సేమ్ మా నాన్న దవడ లా!" ఇక్కడ మలేషియాలో దెయ్యాన్ని హంతు అంటారు, మాట చివర లా తగిలించడం ఊతపదం. పక్కన పగలబడి నవ్వుతున్న బొమ్మలు. ఎవరో పాత సినిమాలు వెతికి బాగుచేసేవాళ్ళు, తుప్పు పట్టిన డబ్బాలో దొరికిన రీలు ముక్కని ఇంటర్నెట్‌లో పెట్టి, ఈ నటుడు ఎవరో ఎవరికైనా తెలుసా అని అడిగారట. అర నిమిషం కూడా లేదు. మాటలు లేవు, మూకీ. చూశాను. మళ్ళీ చూశాను. స్టవ్ మీద అన్నం మాడి, ఆ వాసనకి పక్కింటి చైనా ఆవిడ కిటికీలోంచి కేకేసేదాకా చూస్తూనే ఉన్నాను.

అందులో ఏముందో ఇప్పుడే చెప్పను. ఊరించడానికి కాదు. ముందు మా మామ్మ చెవి సంగతి తెలియకపోతే ఆ అర నిమిషంలో మీకూ ఒక దెయ్యమే కనిపిస్తుంది, మా మేనకోడలికి కనిపించినట్టు.

మా తాత, అంటే మా నాన్నకి నాన్న, బాగన్ దాతుక్ కొబ్బరి తోటల్లో కాయలు వలిచే కూలీ. శ్రీకాకుళం వైపు నుంచి ఓడెక్కి వచ్చినవాళ్ళ కొడుకు. నేలలో పాతిన ఇనుప గునపం మీద కాయని గుచ్చి ఒక్క తిప్పు తిప్పితే పీచు విడిపోయేది. చేతులకి అంత వాటం ఉన్న మనిషికి నోటికి మాత్రం లేదు. పుట్టుకతో నత్తి. ఎవరైనా పేరు అడిగితే, ఈయన మొదటి అక్షరం దగ్గరే ఆగి చెమటలు కక్కుతుండగా, అడిగినవాడు విసుగొచ్చి వెళ్ళిపోయేవాడు. తోటలో శ్రీరామనవమికి నాటకం వేస్తే, ఆయనకి పద్యం లేని వేషాలు ఇచ్చేవారు. కాపలా రాక్షసుడు, కోతి, చివర్లో యుద్ధభూమిలో శవం. ఆయన శవంగా పడుకుంటే జనం రాముడి పద్యం వినడం మానేసి శవం వైపే చూసేవారని మా మేనత్త చెప్పేది. అత్త అప్పటికి పుట్టనే లేదు, అయినా చెప్పేది. మా ఇంట్లో సాక్ష్యాలన్నీ ఇలాంటివే. ఆ మాట ఇక్కడే చెప్పి పెట్టడం మంచిది.

మామ్మకి పుట్టు చెవుడు. చెవి వినపడదు కాబట్టి మాటా రాలేదు. పెళ్ళి చేసిన పెద్దవాళ్ళు ఏమనుకుని చేశారో నాకు బాగా తెలుసు. నత్తివాడికి చెవిటిది, లెక్క సరిపోయింది అనుకున్నారు. అలా అనుకుని నవ్వినవాళ్ళ ఇళ్ళల్లో మొగుడు ఒక మాట, పెళ్ళాం ఒక మాట, మిగతాదంతా గిన్నెల చప్పుడు. వీళ్ళిద్దరూ మాత్రం పొద్దు గూకితే, కూలీలకి వరసగా కట్టిన లైను ఇంటి గడపలో ఎదురెదురుగా కూర్చుని చేతులతో, కళ్ళతో, భుజాలతో కబుర్లు చెప్పుకునేవాళ్ళు. నత్తి నోటికే గాని చేతులకి ఉండదు కదా. పట్నం బళ్ళో నేర్పే సైగల భాష కాదు అది. ఇద్దరూ కలిసి పుట్టించుకున్నది, ఆ ఇంటి గుమ్మం దాటితే ఎవరికీ తెలియనిది. అందులో ప్రతి మనిషికీ ఒక పేరు ఉండేది. తాత పేరు కింది కనురెప్ప లాగి చూపించడం. అత్త పేరు జడ. మామ్మ పేరు ఎడమ చెవి తమ్మెని రెండు వేళ్ళతో పట్టుకోవడం, ఎందుకంటే చిన్నప్పుడు పెట్టిన బరువైన ఇత్తడి కమ్మకి ఆవిడ తమ్మె రెండుగా చీలిపోయింది. నా పేరు చెప్పాలంటే బొటనవేలూ మిగతా వేళ్ళూ కలిపి నోటి ముందు బాతు ముక్కులా తెరుస్తూ మూస్తూ ఉండాలి. నాకు మూడేళ్ళప్పుడే ఆ పేరు పెట్టేశారు. మార్చే అవకాశం నేను ఎవరికీ ఇవ్వలేదు.

ఒక ఏడాది నదిలో లాంచీ మీద సింగపూర్ నుంచి ఒక బొమ్మల కంపెనీ వచ్చింది. బొమ్మ అంటే సినిమా, అప్పటివాళ్ళ మాట అది. కంపెనీ యజమాని ఇండియా నుంచి వచ్చిన సేటు, కెమెరా తిప్పేవాడు చైనావాడు. వాళ్ళ పెట్టెలు మోసిన కూలీల్లో తాత ఒకడు. సేటు కూలి ఇస్తూ పేరు అడిగాడు. తాత మొదలుపెట్టాడు, ఆగాడు, మళ్ళీ మొదలుపెట్టాడు. సేటు పక్కవాళ్ళ వైపు చూసి నవ్వాడు. అప్పుడు తాత మాట ఆపేసి ఆయన వైపు చూశాడట, అంతే. ఎలా చూశాడో నాకు ఒకసారి చేసి చూపించాడు. ముఖంలో ఒక్క కండరం కదల్లేదు, కనురెప్ప పడలేదు. లోపల ఉన్న మనిషి మాత్రం ఎక్కడికో వెళ్ళిపోయాడు. ఆ చూపుకి ఆ రోజు సేటు రెండడుగులు వెనక్కి వేసి, తేరుకుని, చైనావాడి చెవిలో ఏదో చెప్పాడు. అలా మా తాత దెయ్యం అయ్యాడు.

ఆ విద్య గురించి ఆయన చెప్పగా నాకు తెలిసినంత రాస్తాను. ఇంకెవరూ రాయరు కాబట్టి. ఆ రోజుల్లో ఫిలింకి ఎరుపు కనపడేది కాదట, నల్లగా పడేది. అందుకని కళ్ళ చుట్టూ కుంకుమ రాసుకునేవాడు. మనకి ఎదురుగా చూస్తే పెళ్ళికొడుకు ఏడ్చినట్టు ఉంటుంది, తెర మీద మాత్రం పుర్రెలో గుంటలు. ముఖానికి బియ్యప్పిండి. దాని మీద కోడిగుడ్డు తెల్లసొన పూసి ఎండలో కూర్చుంటే చర్మం ముడుచుకుపోయి, నూరేళ్ళు మట్టిలో ఉన్నట్టు అయ్యేది. కనుబొమ్మలు కొబ్బరి పీచు. ఇదంతా ఎవరైనా చేసుకోవచ్చు అనేవాడు, చేత్తో విదిలిస్తూ. అసలు పని నడకలో ఉంది. కెమెరాని చేత్తో తిప్పేవారు, తెర మీద వేసేటప్పుడు ఇంకా జోరుగా తిప్పేవారు. దాంతో బొమ్మలో అందరూ బెదిరిన కోళ్ళలా పరుగెత్తేవాళ్ళు. తాత ఒక్కడే ఆ జోరుని ముందే మనసులో తీసేసి, అంతకంతా నిదానంగా కదిలేవాడు. చుట్టూ మనుషులు గిలగిలలాడుతుంటే దెయ్యం ఒక్కటే తాపీగా వస్తుందన్నమాట. చచ్చినవాడికి ఎక్కడికి తొందర? ముందు భుజాలు చావాలి, తరవాత మెడ, అన్నిటికన్నా ఆఖరికి కళ్ళు అని నేర్పేవాడు. నాకు భుజాలు కూడా చావలేదు. "నోరు చస్తే కదా భుజాలు చచ్చేది" అని మామ్మ చేతులతో అంది. ఆవిడ చేతుల మాటల్ని నేను తెలుగులో రాస్తున్నాను గాని, అవి తెలుగులో కన్నా చేతుల్లోనే ఎక్కువ మంటగా ఉండేవి.

కంపెనీ ఆయన్ని సింగపూర్ తీసుకెళ్ళింది. మామ్మ తోటలోనే ఉండిపోయింది, చిప్పల్లోంచి కొబ్బరి తీసే పనిలో. ఇద్దరికీ చదువు లేదు. ఉత్తరం రాయలేరు. ఇంకొకరి చేత రాయించినా, చదివి వినిపించడానికి ఈవిడకి చెవులు లేవు. మా మనుషులు ఊరు దాటితే వార్త పంపించుకోవడానికి వంద దారులు ఉండేవి, వీళ్ళకి మాత్రం ఒక్కటీ లేదు. లాంచీ ఎక్కే ముందు మామ్మే ఆలోచన చెప్పిందట. నువ్వు వేషం వేసుకుంటే నేను నిన్ను ఎలా గుర్తుపడతాను? బొమ్మ ఎలాగూ ఊరూరూ తిరుగుతుంది, ఇక్కడికీ వస్తుంది. అందులోంచే నన్ను పిలువు. పిలిచి, తిన్నావా అని అడుగు. అంటే చెవి తమ్మె పట్టుకోవడం, ఆ చేతినే దింపి కడుపు మీద పెట్టుకోవడం. అంతే. తాత సరేనన్నాడు.

బొమ్మ వచ్చింది. తాత కూడా దానితోనే వచ్చాడు, కొత్త చొక్కా వేసుకుని. రెండు కొబ్బరి చెట్ల మధ్య తెల్లటి గుడ్డ కట్టారు. తోట తోటంతా చాపలు పట్టుకుని బయలుదేరింది, తోట దొర కూడా కుర్చీ వేయించుకున్నాడు. ఒక్క మామ్మని తప్ప అందరినీ రానిచ్చారు. ఆవిడకి నెలలు నిండుతున్నాయి. మొదటి కానుపు. కడుపుతో ఉన్న మనిషి దెయ్యాన్ని చూడకూడదని తాత వాళ్ళమ్మ లైను ఇంటి తలుపుకి బయట గడియ పెట్టేసింది. తాత అడ్డం వెళ్ళాడట. చెప్పాల్సింది ఉంది, చెప్పడానికి నోరు తిరగడం లేదు. "అ... అ... అమ్మా, దా... దాన్ని..." దగ్గరే ఆగిపోయాడు. వాళ్ళమ్మ నడుం మీద చెయ్యి పెట్టుకుని అందట: "ఏట్రా నీ గోల? కడుపుతో ఉన్నది దెయ్యాన్ని సూస్తే పుట్టినోడికి ఆ మొకమే వస్తాది. నీ మొకం వస్తాదనే నాను ఏడుస్తన్నాను, మళ్ళీ దెయ్యం మొకం కూడానా?" లైను ఆడవాళ్ళందరూ నవ్వారు. కానుపు అయ్యాక చూపిద్దాంలే అన్నారు. కంపెనీ ఆ ఒక్క రాత్రే ఉంటుందని, మర్నాడు ఇంకో తోటకి వెళ్ళిపోతుందని తాతకి తెలుసు. చెప్పేలోపల దీపాలు ఆర్పేశారు.

మామ్మ లోపల చీకట్లో కూర్చుంది. ఆవిడకి జనం కేకలు వినపడవు. చెక్క గోడ సందుల్లోంచి తెర వెలుగు ఇంట్లోకి పడి కదులుతూ ఉంటే, ఆ వెలుగుని చేత్తో పట్టుకుని చూసిందట, ఇప్పుడు వచ్చాడేమో, ఇప్పుడు పిలిచాడేమో అని.

బయట తాత తెర పక్కన నిలబడి బొమ్మని కాదు, జనాన్ని చూస్తున్నాడు. వేషం వేసేవాళ్ళందరూ అంతే. పైగా ఆయనకి ఒక పథకం ఉంది. నేను పిలవడం ఇంతమంది చూస్తారు, రేపు వాళ్ళే దానికి సాక్ష్యం చెబుతారు. దెయ్యం లేచే ఘట్టం వచ్చింది. తెర మీద ఆ భుజాలు చచ్చాయి, మెడ చచ్చింది, కళ్ళు గుంటలయ్యాయి, తాపీగా ముందుకి వచ్చాడు. తోట మొత్తం ఒక్కసారిగా కళ్ళు మూసుకుంది. ఆడవాళ్ళు చీర చెంగులు ముఖం మీదికి లాక్కున్నారు, మగవాళ్ళు పక్కవాడి వీపులో తల దూర్చారు. వాళ్ళమ్మ చాప మీద బోర్లా పడుకుంది. దొర టోపీ ముఖం మీదికి దించుకున్నాడట. ఇది అత్త కల్పనే అయ్యుంటుంది, కానీ దొరని దించే అవకాశం వస్తే ఎవరు వదులుకుంటారు? తాతకి ముందు ఛాతీ పొంగిందట. ఇంతమందిని ఇలా భయపెట్టాను అని. తరవాత అర్థమైంది. చెవి పట్టుకున్నప్పుడు కళ్ళు తెరుచుకుని ఉన్న మనిషి ఆ మైదానంలో ఒక్కడు కూడా లేడు. కొంచెం తక్కువ బాగా చేసి ఉంటే బాగుండేది.

మర్నాడు మామ్మ లైనులో ఇల్లిల్లూ తిరిగింది. ప్రతి గుమ్మంలో నిలబడి, తెర వైపు చూపించి, కనురెప్ప లాగి, చెవి పట్టుకుని, ప్రశ్నలా కనుబొమ్మలు ఎత్తింది. ఒకరూ అవునని తల ఊపలేదు. కొందరు జాలితో ఊపబోయారు, అబద్ధం ఆవిడ దగ్గర దాగదు. చెవుడు ఉన్నవాళ్ళకి ముఖాలు చదవడం వస్తుంది. సాయంత్రానికి ఇంటికొచ్చి తాత ముందు నిలబడింది. నువ్వు పిలవలేదు. పిలిచాను. ఎవరూ చూడలేదే? కళ్ళు మూసుకున్నారు. అందరూనా? అందరూ. ఇంతమంది ఒకేసారి కళ్ళు మూసుకున్నారని చెబితే మీరైనా నమ్ముతారా?

ఆ కానుపులో పుట్టిన మగపిల్లాడు బతకలేదు. పురుడు తీరక ముందే పోయాడు. తల్లిని తలుపేసి దాచినా, తండ్రి దెయ్యం ముఖంతోనే ఇంట్లోకి వచ్చాడు కదా అని లైను ఆడవాళ్ళు తేల్చేశారు. ఏ దారిలో వెళ్ళినా తప్పు ఆయన ముఖానిదే అయ్యింది. తాత మళ్ళీ సింగపూర్ వెళ్ళాడు, ఉండలేక. అప్పటికి బొమ్మలకి మాటలు వచ్చేశాయి. కంపెనీవాళ్ళు కొత్త బొమ్మలో దెయ్యానికి ఒకే ఒక్క మాట పెట్టారు. మలాయి భాషలో "మరి", అంటే రా అని. ఒక్క మాట, రెండు అక్షరాలు. మాట పట్టే యంత్రాన్ని పూలకుండీలో దాచి, దాని ముందు ఈయన్ని నిలబెట్టారు. పెదవులు కలిశాయి, విడివడలేదు. మ... మ... మ... అలా సాయంత్రం దాకా. నవ్వింది సేటు కాదట, పూలకుండీ పట్టుకున్న కుర్రాడు. సేటు మాత్రం తల వంచుకుని, లాంచీ టిక్కెట్టు తనే కొని ఇచ్చాడు. తిరిగి వచ్చి తాత గునపం దగ్గర నిలబడ్డాడు, చేతకాని రోజు వచ్చేదాకా కాయలు వలిచాడు.

తరవాత మా అత్త, మా నాన్న పుట్టారు, జపాన్‌వాళ్ళు వచ్చారు, పోయారు, తోటలు చేతులు మారాయి, తెల్లదొర స్థానంలో నల్లదొర కూర్చున్నాడు. మా ఇంట్లో మాత్రం ఆ తగాదా కదలకుండా ఉంది. కూరలో ఉప్పు ఎక్కువైతే అక్కడ మొదలై చెవి దగ్గరికి వచ్చేది. వాన కురిసి బట్టలు తడిస్తే చెవి దగ్గరికి వచ్చేది. నేను పెద్దయ్యి, కాలేజీలో చేరి, చర్చా పోటీల్లో కప్పులు తెచ్చుకుంటున్న రోజుల్లో నన్ను జడ్జిగా కూర్చోబెట్టేవారు. నేను రెండు పక్షాలూ విని, సాక్ష్యం లేని వాదన చెల్లదని మామ్మ పక్షాన తీర్పు ఇచ్చేదాన్ని. ఇప్పుడైనా అంతే ఇస్తాను. అప్పటికి ఉన్న సాక్ష్యం అదే. కానీ జడ్జికి కనపడని సంగతి ఒకటుంది. ఆ పోయిన పిల్లాడి గురించి వాళ్ళిద్దరూ మాట్లాడుకోగా ఎవరూ చూడలేదు. వాడికి వాళ్ళ భాషలో పేరు కూడా లేదు. వాడి గురించి ఏడవాల్సిందంతా, తిట్టుకోవాల్సిందంతా, వాళ్ళు ఆ చెవి మీదే ఏడ్చారు, ఆ చెవి మీదే తిట్టుకున్నారు.

సంతోషంగా లేరని చెబితే మామ్మ లేచి వచ్చి నా నోటి మీద కొడుతుంది. ఇంటికి బ్లాక్ అండ్ వైట్ టీవీ వచ్చాక, శనివారం తమిళ సినిమా వేస్తే లైను లైనంతా మా ఇంట్లో. అందరూ ముందు, వీళ్ళిద్దరూ వెనక బల్ల మీద. తెర మీద నాయకుడు పేజీలకి పేజీలు అరుస్తుంటే, వెనక ఈ ఇద్దరి చేతులు ఆగేవి కావు. వీడికి భుజాలు ఇంకా బతికే ఉన్నాయి చూడు, అని తాత. వీడు నోరు మూస్తే అందంగా ఉంటాడు, అని మామ్మ. లోకంలో మూకీలు ఎప్పుడో పోయాయి. మా ఇంట్లో మామ్మ పోయేదాకా నడిచాయి.

మామ్మకి తగాదా ముగించే పద్ధతి ఒకటి ఉండేది. కళ్ళు మూసుకునేది. మనమైతే గది తలుపు దాకా వెళ్ళి అరిచి, ఆఖరి మాట మనదే చేసుకోవచ్చు. ఆవిడ రెప్పలు దించితే తాతకి ఇక నోరు లేనట్టే. ఎదురుగా నిలబడి, చేతులు గాలిలో పెట్టుకుని, ఆవిడ తెరిచేదాకా ఆగేవాడు. ఆఖరి జబ్బులో, బాగన్ దాతుక్ ఇంట్లోనే, ఒక మధ్యాహ్నం మేమందరం చుట్టూ ఉండగా తాత మంచం పక్కన కూర్చుని మళ్ళీ మొదలుపెట్టాడు. పిలిచాను, అన్నాడు. ఆవిడ పెదవి ఒక పక్కకి వంచింది, ఇంకా అదేనా అన్నట్టు. నిజంగా పిలిచాను, అని చెవి తమ్మె పట్టుకున్నాడు. ఆ చెయ్యి కిందికి దింపుతుండగా ఆవిడ కళ్ళు మూసుకుంది. మాకు అలవాటే కాబట్టి ఎవరం కంగారు పడలేదు. తాతా కంగారు పడలేదు. ఎప్పటిలాగే చేతిని అలాగే గాలిలో ఉంచి, తెరుస్తుందని ఎదురుచూశాడు. అత్త వెళ్ళి ముక్కు దగ్గర వేలు పెట్టి చూసి, ఆయన చెయ్యి పట్టుకుని కిందికి దించాల్సి వచ్చింది.

ఆ తరవాత ఆయన చేతులు మాట్లాడలేదు. మాకు ఆ భాష వచ్చు, నాకూ అత్తకీ. అడిగితే జవాబు చెప్పేవాడు కాదు, చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చునేవాడు. రెండో వాన కాలం చూడకుండానే వెళ్ళిపోయాడు.

ఆదివారం ఆ వీడియో చూశాక మాడిన గిన్నె నానబెట్టి, క్లాంగ్ నుంచి కారేసుకుని నేరుగా బంటింగ్ వెళ్ళాను. అత్త అక్కడ కూతురి దగ్గర ఉంటోంది. కళ్ళకి ఆపరేషన్ అయ్యింది. ఫోన్‌ని ముక్కుకి ఆనించుకుంది.

"ఏటే ఇది, సీమంత ఉన్నాది?"

"పెద్దది చేస్తాను, ఉండత్తా."

"సుమ్మా ఉండవే, కెలక్కు. నాకు కనపడతన్నాది." తమిళం, తెలుగు కలిపి కసరడం ఆవిడకి అలవాటు. కాసేపు చూసింది. "మా అయ్యే."

"మొహం పోల్చావా?"

"మొకం ఎవులికి తెల్సు? ఆ భుజాలు సూడు. సచ్చిపోనాయి గదా."

అప్పుడు ఆవిడ రెండు చేతులతో ఫోన్‌ని గట్టిగా పట్టుకుంది. నాకు తెలుసు ఎక్కడికి వచ్చిందో. దెయ్యం చెట్టు వెనక నుంచి తాపీగా వస్తుంది. పక్కన ఉన్నవాళ్ళందరూ కోళ్ళలా పరుగెత్తుతారు. అది నేరుగా మన వైపు తిరుగుతుంది, ఆగుతుంది. ఆ ముఖంలో ఒక్క కండరం కదలదు. ఎడమ చెయ్యి లేస్తుంది. రెండు వేళ్ళు చెవి తమ్మెని పట్టుకుంటాయి, మెల్లగా, తలుపు తట్టినంత మెల్లగా. తరవాత ఆ చెయ్యి చెవిని వదిలి కిందికి దిగడం మొదలుపెడుతుంది. మెడ దాటుతుంది. అక్కడ తెల్లటి మచ్చలు, చెదలు పట్టినట్టు, ముందు ముఖాన్ని, తరవాత చేతిని, తరవాత అంతటినీ తినేస్తాయి.

"పిలిచినాడే" అంది అత్త. "అమ్మని పిలిచినాడు. ఓలమ్మా, నిజంగానే పిలిచినాడే."

"పిలిచాడు."

"తరవాత?"

"లేదత్తా. రీలు పాడైపోయింది. అక్కడితో సరి."

"మల్లీ ఎయ్యి."

మళ్ళీ వేశాను. ఎన్నిసార్లు వేశానో చెప్పలేను, వేళ్ళు నొప్పెట్టేదాకా. ప్రతిసారీ అత్త మెడ కొంచెం ముందుకి చాచేది, ఈసారి ఆ చెయ్యి ఇంకొంచెం కిందికి వస్తుందేమో అన్నట్టు. మా మేనకోడలు మధ్యలో మెసేజ్ పెట్టింది, "హూ లా అత్తా, హూ?" అని. ఆ సినిమావాళ్ళకి చెప్పమని తాత పేరు పూర్తిగా రాశాను. ఆయన ఒక్కసారి కూడా ఆగకుండా పలకలేకపోయిన పేరు. నా వేళ్ళు కూడా మధ్యలో ఒకసారి ఆగాయి. మా తాత, మామ్మ పక్కన కూర్చున్న ఫోటో కావాలి, నీ దగ్గర ఉందా అని ఆ పిల్ల అడిగింది. లేదని చెప్పాను. ఉన్నది ఆయన ఐసీ, అంటే గుర్తింపు కార్డు, ఫోటో ఒక్కటి, అందులో కెమెరా చూడగానే ఆయన భుజాలు అలవాటుగా చచ్చిపోయాయి. గవర్నమెంటు ఆఫీసరు దాన్ని రెండుసార్లు వెనక్కి పంపి, మూడోసారి విసిగి సంతకం పెట్టాడు.

నేను వెళ్తానని లేచాను. అత్త గుమ్మం దాకా రాలేదు, కుర్చీలోనే ఉంది. నా వైపు చూసి, బొటనవేలూ మిగతా వేళ్ళూ కలిపి నోటి ముందు బాతు ముక్కులా తెరిచి మూసింది. ఎన్నేళ్ళయిందో నన్ను ఆ పేరుతో ఎవరైనా పిలిచి. ఆ చేతినే కిందికి దింపి, ఎక్కడా ఆగకుండా, కడుపు మీద పెట్టుకుని కనుబొమ్మలు ఎత్తింది. పొద్దుట్నుంచి నేను ఏమీ తినలేదు. చెప్పులు చేత్తో పట్టుకుని గుమ్మంలో అలాగే నిలబడిపోయాను. చెవికీ కడుపుకీ మధ్య దూరం మూరెడు. మా ఇంట్లో ఒక చెయ్యి ఆ మూరెడూ దిగిరావడానికి రెండు జీవితాల కాలం చాలలేదు.